తుఫానును కరెంటు చేస్తానన్న గాలిమర: మా డాబా మీద పదకొండు నెలలు

ముందే చెప్పేస్తున్నాను, ఐదుకి మూడు స్టార్లు. అందులో ఒకటి అది చేసే చప్పుడుకి ఇచ్చాను. చప్పుడుకి స్టార్ ఏంటని మా ఆవిడ కూడా అడిగింది.

కంపెనీ పేరు రాయడం లేదు, ఎందుకంటే ఏ పేరు రాయాలో నాకే తెలీదు. డబ్బా మీద ఒక పేరు, తోక మీద స్టిక్కర్‌లో ఇంకో పేరు, బిల్లులో మూడోది. అదే సరుకు ఆన్‌లైన్‌లో ఆరేడు పేర్లతో కనిపించింది. మూడు తెల్ల రెక్కలు, వెనక ఎర్రటి చేపతోక, పక్కన '400 వాట్లు' అని ఉంటే అదే అనుకోండి. ప్రకటనలో మాత్రం నల్లటి మబ్బులు, మెరుపులు, వాటి మధ్యలో ఇది గిర్రున తిరుగుతూ ఉంటుంది, కింద 'తుఫానుకి భయపడకండి, దాన్నే కరెంటుగా మార్చుకోండి' అని రాసుంటుంది. కోనసీమలో పుట్టిన వాడికి ఆ ఒక్క మాట చాలు, పడిపోవడానికి.

నాది మలికిపురంలో సెల్‌ఫోన్ రిపేరు కొట్టు, ఇల్లు అక్కడికి దగ్గర్లోనే, సముద్రం ఆరేడు కిలోమీటర్లు. అక్టోబరు వచ్చిందంటే డిసెంబరు దాకా మాకు వాయుగుండాల టెన్షనే. తుఫాను ఎటు పోయినా ముందు పోయేది మా కరెంటు. ఇంట్లో ఇన్వర్టర్ ఉంది, 150 ఏహెచ్ ట్యూబులర్ బ్యాటరీ, కానీ దానికీ రెండో రోజుకి ఊపిరి ఆగిపోతుంది. ఎదురింటి బావగారు సూర్యఘర్ పథకంలో 3 కిలోవాట్ల సోలార్ పెట్టించుకున్నారు, 78,000 సబ్సిడీ వచ్చింది, బిల్లు కూడా బాగానే తగ్గింది. అయితే పెట్టించుకున్నాక ఆయనకి తెలిసిన సంగతేంటంటే, ఊళ్ళో లైను పోతే ఆ సోలార్ కూడా ఆగిపోతుంది. లైను బాగు చేస్తున్న లైన్‌మేన్‌కి మన డాబా మీద నుంచి షాక్ వెళ్ళకూడదు కాబట్టి బ్యాటరీ లేని ఆ రకాన్ని అలాగే తయారుచేస్తారు, అది తప్పేం కాదు. కానీ ఎండ మాడుస్తుంటే, నెత్తిన ఆరు ప్యానెళ్ళు పెట్టుకుని, కొవ్వొత్తి కొనుక్కురమ్మని పిల్లాణ్ణి పంపిన మనిషిని చూశాక నేను గాలిమర వైపు తిరిగాను. తిరిగానంటే, ఇరుక్కున్నానని చదువుకోండి.

గాలిమర, దాని కంట్రోలర్ కలిపి 34,500. పైపు, క్లాంపులు, లాగి కట్టే ఉక్కు తీగలు, వెల్డింగు కూలి కలిపి ఇంకో 6,200. 2024 డిసెంబరులో బిగించాం. మెట్లగది గోడకి పన్నెండడుగుల జీఐ పైపు నిలబెట్టి నాలుగు వైపులా 6 మిల్లీమీటర్ల తీగలు లాగాం. ఎర్తింగు విడిగా వేయించాను, పిడుగుల ఊరు కదా.

మొదటి రాత్రే తెలిసింది మేం చేసిన తప్పేంటో. పైపుని నేరుగా గోడకి బిగించేశాం. తిరుగుతున్నప్పుడు పుట్టే అదురు పైపు గుండా గోడలోకి, గోడ గుండా శ్లాబులోకి దిగి, పడకగదిలో ఎవరో తంబూరా మీటుతూ కూర్చున్నట్టు జుమ్మ్‌మ్ అని ఒకటే మోత. ఒంటిగంటకి మా అమ్మ లేచి "ఒరేయ్, ఇంట్లో తుమ్మెద దూరిందిరా" అని చీపురు పట్టుకుని వెతికింది. మర్నాడు పాత లారీ టైరు ముక్కలు కోసి క్లాంపుల కింద పెట్టాక సగానికి తగ్గింది. పెట్టెలో రబ్బరు ముక్కలు ఇవ్వరు, పుస్తకంలో రాయరు, మీరు కొంటే ముందే టైరు ముక్క దొరికించుకోండి.

ఇక అసలు సంగతి, కరెంటు. 400 వాట్లు అన్నది అబద్ధం కాదు, కానీ ఆ పక్కనే చీమతలకాయంత అక్షరాల్లో 'సెకనుకి 12.5 మీటర్ల గాలిలో' అని ఉంది. అంటే గంటకి 45 కిలోమీటర్ల గాలి. అంత గాలి మా డాబా మీద నిలకడగా వీస్తోందంటే అప్పటికే కలెక్టరేట్‌లో కంట్రోల్ రూమ్ తెరిచుంటారు. మామూలు రోజుల్లో నాలుగైదు మీటర్లు వస్తే గొప్ప. గాలి సగానికి తగ్గితే కరెంటు సగం కాదు, ఎనిమిదో వంతవుతుంది, అక్కడే లెక్క తప్పుతుంది మనకి. వేగాన్ని వేగంతోనే హెచ్చవేసి, వచ్చినదాన్ని మళ్ళీ వేగంతో హెచ్చవేయాలి, అదీ సూత్రం. మన రెక్కలు తిరిగే వలయం వ్యాసం 1.2 మీటర్లు. నాలుగు మీటర్ల గాలికి ఆ వలయం గుండా పోయే బలమే 44 వాట్లు, అందులో ఎంత గొప్ప మిషనైనా 59 శాతం మించి పట్టుకోలేదని బెట్జ్ అనే జర్మన్ ఆయన వందేళ్ళ కిందటే లెక్క తేల్చాడు, మన సరుకు పట్టేది పాతిక శాతం, వెరసి పదకొండు వాట్లు. బాత్‌రూమ్‌లో ఎల్‌ఈడీ బల్బు వెలుగుతుంది. నలభై వేలు పెట్టి.

దీనికి తోడు కొబ్బరి చెట్లు. చుట్టుపక్కల కనీసం వంద మీటర్ల దూరం దాకా ఉన్న దేనికన్నా గాలిమర పది మీటర్లు ఎత్తులో ఉండాలంటారు తెలిసినవాళ్ళు. కోనసీమలో వంద మీటర్లు కొబ్బరి చెట్టు లేని చోటు చూపించండి, అక్కడే స్థలం కొంటాను. తోట మీదుగా వచ్చిన గాలి చీలిపోయి, సుళ్ళు తిరిగి వస్తుంది, అప్పుడు మన చేపతోక ఒకసారి అటు, ఒకసారి ఇటు, దారి తప్పిన కోడిపిల్లలా కొట్టుకుంటుంది. గాలి ఉంటుంది, కరెంటు ఉండదు. నేను మల్టీమీటరు పెట్టి రాసుకున్న లెక్క ప్రకారం, ఏప్రిల్, మే నెలల్లో మధ్యాహ్నం రెండు దాటాక సముద్రపు గాలి మళ్ళినప్పుడు రోజుకి అర యూనిట్ దాకా వచ్చింది, అదే దాని వైభోగం. మిగతా నెలల్లో చాలా రాత్రులు సున్నా. ఇదే డబ్బు సోలార్ ప్యానెల్‌కి, దాన్ని బ్యాటరీకి కలిపే కంట్రోలర్‌కి పెట్టుంటే ఒక కిలోవాట్‌కి రోజుకి నాలుగు యూనిట్ల లెక్కన అర కిలోవాట్‌కే రెండు యూనిట్లొచ్చేవి. ఈ ముక్క బావగారి దగ్గర మాత్రం ఒప్పుకోలేదు.

చప్పుడు సంగతికొస్తాను. తిరిగే రెక్కల చప్పుడు ఒకటి, దాన్ని పట్టించుకోకండి, అలవాటైపోతుంది. రెండోది లాగి కట్టిన తీగలది. గాలి సన్నటి తీగని దాటేటప్పుడు దాని వెనక ఎడమా కుడీ మార్చి మార్చి సుళ్ళు విడుస్తుందట, ఆ సుళ్ళే పాట. కరెంటు తీగలు కూడా గాలికి ఈల వేసేది ఇందుకే. దీన్ని 1878లో స్ట్రౌహల్ అనే చెక్ శాస్త్రవేత్త లెక్కలోకి తెచ్చాడు. గాలి వేగాన్ని తీగ మందంతో భాగించి, వచ్చినదాంట్లో ఐదో వంతు తీసుకుంటే అదే సుమారుగా ఆ తీగ పలికే శ్రుతి. మా 6 మిల్లీమీటర్ల తీగకి పది మీటర్ల గాలి తగిలితే 333 హెర్ట్జ్, అంటే సెకనుకి 333 అదురులు.

ఇది కనిపెట్టింది నేను కాదండి, తొమ్మిదో తరగతి చదువుతున్న మా అమ్మాయి. వయొలిన్ నేర్చుకుంటోంది, దాని ఫోన్‌లో శ్రుతి చూసుకునే యాప్ ఒకటుంది. ఒక సాయంత్రం డాబా మీద ప్రాక్టీసు చేస్తుంటే ఆ యాప్ వయొలిన్‌ని వదిలేసి మా తీగ శ్రుతి చూపించింది. అప్పట్నుంచి దానికదే పిచ్చి. యాప్‌లో అంకె చూసి గాలి ఎంతో చెప్పేస్తుంది. "నాన్నా, గాలి డబుల్ అయితే తీగ కింది స నుంచి పై స కి వెళ్తుంది, కరెంటేమో ఎనిమిది రెట్లవుతుంది, మరి పాట కూడా ఎనిమిది రెట్లు పైకెళ్ళొచ్చు కదా" అంది. నా దగ్గర జవాబు లేదు. గాలి కొలిచే మిషను విడిగా కొందామనుకున్నాను, దాని అవసరం లేకుండా పోయింది, నా నాలుగు వేలు మిగిలాయి. చప్పుడుకిచ్చిన స్టార్ దీనికే.

స్కూలు మ్యాగజైన్‌కి దీని మీదే కథ రాసింది. అందులో 'హోరుమేఘం' అని ఒకటుంటుంది. మామూలు తుఫానులా బంగాళాఖాతంలోనే పుడుతుంది, ఇరవైఆరున్నర డిగ్రీలు దాటిన సముద్రపు వేడి తాగే పెరుగుతుంది, కానీ అంతర్వేది దాటగానే ఊరి మీద పడకుండా ఆకాశంలోనే ఆగి, తన బలమంతా పాటగా మార్చేసుకుంటుంది. ఆ పాట తగిలిన ప్రతి కొబ్బరి మట్టా వీణ తీగలా అదిరి, ఆ అదురుతో ఊళ్ళో దీపాలన్నీ వెలుగుతాయి. చివరికి మబ్బు పాడి పాడి గొంతు బొంగురుపోయి, చిన్న జల్లుగా కురిసి పోతుంది. చదివి నేను తగుదునమ్మా అని, నిజం తుఫానులో ఆవిరి మబ్బుగా మారేటప్పుడు విడుదలయ్యే వేడిలో వందో వంతు కూడా గాలిగా మారదమ్మా, ఇక పాటకేం మిగులుతుంది అన్నాను. "ఉరుమో?" అంది. నిజమే, మెరుపు గాలిని ఒక్కసారిగా వేడెక్కించి పగలగొట్టే చప్పుడే కదా ఉరుము. మబ్బులో కరెంటు చప్పుడుగా మారడం రోజూ చూస్తున్నదే, దాని కథలో అది రెండో వైపు కూడా నడుస్తుంది, అంతే తేడా. నోరు మూసుకున్నాను.

మా అమ్మ మాత్రం ఆ కథ వినలేదు. అక్షరాలా చెవులు మూసుకుంది. 1996 నవంబరు 6న మేము కాట్రేనికోన దగ్గర అమ్మమ్మగారి ఊళ్ళో ఉన్నాం, నాకు పదమూడేళ్ళు. వెయ్యి మందికి పైగా పోయిన తుఫాను అది, కొబ్బరి చెట్లు లక్షల్లో పోయాయి. ఆ రాత్రి చప్పుడు గురించి అడిగితే వెయ్యి తిరగళ్ళు ఒకేసారి నెత్తి మీద తిప్పినట్టుందంటుంది అమ్మ. నాకు గుర్తున్నది అది కాదు, మధ్యమధ్యలో కొబ్బరి చెట్టు మొదలు విరిగే ముందు వచ్చే ఒక మూలుగు. అసలు 'సైక్లోన్' అన్న ఇంగ్లీషు మాటకే కాకినాడ దగ్గరి మన కోరంగి రేవుతో చుట్టరికం ఉంది. 1789లో కోరంగిని ముంచేసిన తుఫాను గురించి రాసిన పిడింగ్టన్ అనే ఆయనే తర్వాత ఆ పేరు పెట్టాడు. 1839లో ఇంకో తుఫాను వచ్చి ఆ రేవుని మళ్ళీ లేవకుండా చేసింది. ఇంత చరిత్ర ఉన్నచోట 'తుఫానుకి భయపడకండి' అని అమ్ముతున్నాడంటే వాడి ధైర్యాన్ని మెచ్చుకోవాలి.

ఇక అసలు పరీక్ష, మొంథా తుఫాను. థాయ్‌లాండ్ వాళ్ళు పెట్టిన పేరు, మంచి వాసనేసే పువ్వని అర్థమట. 2025 అక్టోబరు 28, మంగళవారం. పొద్దున్నించే ఈశాన్యం గాలి. పదకొండుకల్లా మన గాలిమర జీవితంలో మొదటిసారి మగాడిలా తిరిగింది. మీటర్లో 150, 180, ఒక ఊపుకి 260 వాట్లు. నేను కొట్టు మూసేసి వచ్చి దాని ముందు కుర్చీ వేసుకు కూర్చున్నాను, క్రికెట్ చూసినట్టు. మూడింటికి ఊళ్ళో కరెంటు తీసేశారు, నాలుగింటికి నా బ్యాటరీ నిండిపోయింది. అక్కణ్ణుంచి కొత్త కథ మొదలైంది. బ్యాటరీ నిండాక గాలిమర చేసే కరెంటు ఎటో పోవాలి, లేకపోతే రెక్కలు పట్టు లేక వెర్రెక్కినట్టు తిరుగుతాయి. అందుకని ఒక హీటరు కాయిల్‌లోకి మళ్ళిస్తుంది కంట్రోలర్. నా నలభై వేల తుఫాను కరెంటు మెట్లగదిలో గోడ వెచ్చబెడుతోందన్నమాట. అమ్మ వెళ్ళి తడి తువ్వాలు దాని మీద ఆరేసింది. కమురు వాసన వస్తే పరిగెత్తి తీశాను. దానికి జల్లెడ మూత కూడా ఇవ్వలేదు, రాసిపెట్టుకోండి.

ఆరున్నరకి తీగ 400 హెర్ట్జ్, అంటే పన్నెండు మీటర్లు. పుస్తకంలో పదిహేను దాటితే బ్రేకు వేసేయమని ఉంది. బ్రేకంటే సైకిలు బ్రేకు కాదు, గాలిమర నుంచి దిగే మూడు తీగల్ని ఒకదానికొకటి కలిపేసే స్విచ్చి, కలిపితే లోపలి జనరేటరే రెక్కల్ని పట్టేసుకుంటుంది. ఏడింటికి వేసేశాను. తుఫానును కరెంటుగా మారుస్తానన్న మిషను, తుఫాను ఇంకా తీరం చేరకముందే డ్యూటీ దిగిపోయింది. దాని తప్పు కూడా కాదు, పాతికమీటర్ల గాలి ఆ చిన్న వలయంలోకి పదివేల వాట్లకి పైగా బలం తెస్తుంది, 400 వాట్ల మిషను ఏం చేస్తుంది. కానీ ప్రకటనలో ఆ బొమ్మ వేయకూడదు కదా.

తొమ్మిదికి తీగ 700 హెర్ట్జ్. పదిన్నరకి కాసేపు 850 చూపించింది, గంటకి తొంభై కిలోమీటర్ల పైన. కిటికీలన్నీ బిగించుకుని హాల్లో కూర్చున్నాం, నిండిన బ్యాటరీ పుణ్యమా అని ఫ్యాన్ తిరుగుతోంది, లైట్లు వెలుగుతున్నాయి, మెట్లగది తలుపు సందులోంచి ఆ నాలుగు తీగలు నాలుగు శ్రుతుల్లో ఏడుస్తున్నాయి. అమ్మాయి ఫోన్ తలుపుకి ఆనించి అంకెలు చదువుతోంది. అంకె పడిపోయినప్పుడల్లా అమ్మ "తగ్గిందా?" అంటోంది, పెరిగినప్పుడు ఏమీ అనడం లేదు. ఫోన్లో సిగ్నల్ లేదు, టీవీ లేదు, తుఫాను ఎక్కడుందో మాకు చెప్పింది ఆ తీగే. ఆ రాత్రే నర్సాపురం దగ్గర తీరం దాటిందని తర్వాత తెలిసింది. మాకు మాత్రం ఒంటిగంట దాటాక శ్రుతి మెల్లగా దిగడం మొదలైంది, 600, 520, మళ్ళీ 560, ఇంక 450. గాలి కూడా తూర్పు నుంచి దక్షిణానికి తిరిగింది. 400 కిందకి దిగాక అమ్మ అక్కడే చాప మీద నిద్రపోయింది.

తెల్లారాక చూస్తే గాలిమర నిలబడే ఉంది, పక్క తోటలో రెండు చెట్లు లేవు. ఒక రెక్క అంచు మాత్రం పగిలింది, ఎగిరొచ్చిన మట్ట తగిలినట్టుంది. పగిలిన రెక్కతోనే నెమ్మదిగా తిప్పాను, దక్షిణపు గాలికి ఇరవై ముప్ఫై వాట్లు వచ్చాయి. మా వీధికి మూడో రోజు సాయంత్రం కరెంటొచ్చింది, పాపం లైన్‌మేన్లు తిండీ నిద్రా లేకుండా చేశారు. ఈలోగా వీధిలోవాళ్ళ ఫోన్లన్నీ మా హాల్లోనే. ఒక దశలో పంతొమ్మిది ఫోన్లు, రెండు టార్చిలైట్లు, ఒక ఆస్తమా మిషను. ఆ మిషను గలాయన మామ్మగారు పోతూపోతూ ఒక బొండాల గెల దింపి వెళ్ళారు. బావగారు కూడా వచ్చారు, ఛార్జర్ జేబులో దాచుకుని. రెండో స్టార్ ఈ మూడు రోజులకి.

ఇప్పుడు తిట్టాల్సిన చోటుకొచ్చాను. రెక్క కోసం అమ్మినవాళ్ళకి ఫోన్ చేస్తే, 'తుఫాను వల్ల జరిగిన నష్టానికి వారంటీ వర్తించదు సార్, ప్రకృతి వైపరీత్యం కిందికొస్తుంది' అంది ఆ అమ్మాయి. 'అమ్మా, మీ ప్రకటనలో ఉన్నదే తుఫాను కదా' అన్నాను. లైన్లో ఉండమని పాట పెట్టింది. పదకొండు నిమిషాలు ఆ పాట విన్నాక కట్ అయింది. మళ్ళీ చేస్తే, రెక్కలు విడిగా అమ్మం, మూడూ కలిపి సెట్టు 3,800 అన్నారు. మూడూ ఒకే బరువుండాలి, లేకపోతే అదురొస్తుంది, అది నాకూ తెలుసు. కానీ రెక్క వెనక బరువు రాసి అమ్మొచ్చు కదా. పోయిన రెండు స్టార్లూ ఇక్కడే పోయాయి.

ఎవరు కొనాలంటారా. రొయ్యల చెరువుల వాళ్ళు ఇద్దరు అడిగారు, చెరువు నీళ్ళలో గాలి కలిపే ఏరియేటర్ తిరుగుతుందా అని. తిరగదు. రెండు హెచ్‌పీ మోటారంటే పదిహేను వందల వాట్లు, మీ జనరేటర్ని అమ్ముకోకండి. తోట మధ్యలో ఇల్లున్నవాళ్ళకి కూడా వద్దు. ఓడలరేవు, అంతర్వేది వైపు సముద్రానికి ఎదురుగా, చెట్టు అడ్డం లేకుండా డాబా ఉంటే ఆలోచించండి, అప్పుడు కూడా ముందు సోలార్, బ్యాటరీ పెట్టుకుని దానికి తోడుగా దీన్ని పెట్టుకోండి, ముసురు పట్టి ఎండ లేని రోజుల్లో ఇది కాస్త పనిచేస్తుంది. నట్లు, బోల్టులు మొదటిరోజే స్టెయిన్‌లెస్‌వి మార్చేయండి, పెట్టెలో వచ్చినవి ఉప్పుగాలికి నాలుగు నెలల్లో తుప్పు పట్టాయి. తీగలు మాత్రం 6 మిల్లీమీటర్లవే వేయించండి, లెక్క సులువు, అంకెని మూడుతో హెచ్చవేసి వందతో భాగిస్తే గాలి మీటర్లలో వచ్చేస్తుంది.

చివరిగా, ఎవరి దగ్గరైనా ఇదే గాలిమర పాడైపోయి అటక మీద ఉంటే నాకు ఒక్క రెక్క కావాలి. పొడవు 58 సెంటీమీటర్లు, మొదట్లో మూడు రంధ్రాలు. బరువు తూచి చెప్తే చాలు, రాజోలు దాకా అయితే నేనే వచ్చి తీసుకెళ్తాను.